నాన్న అప్పు మూడొందల యెన్లు

పొయ్యి మీద సుకియాకి ఉడుకుతోంది. పల్చగా కోసిన మాంసం, కూరగాయలు అన్నీ ఒకే గిన్నెలో వేసి, చుట్టూ కూర్చుని ఎవరికి కావలసింది వాళ్లు తీసుకుంటూ తినే వంటకం అది. ఇంటిల్లిపాదీ కలిసి తింటేనే దానికి రుచి. పోలీసులు వదిలిపెడితే తండ్రి వెంట అప్పుడే ఇంటికొచ్చిన అమ్మాయి ఆ గిన్నె దగ్గర కూర్చుంటుంది. పెద్దగా ఏమీ జరగనట్టే మాట కలపబోతుంది. అన్న మండిపడతాడు. ఇంటి పరువు తీశావంటాడు. చెల్లెలికి స్కూల్లో నలుగురి ముఖం ఎలా చూడాలన్న బెంగ. తండ్రి మాత్రం నోరు విప్పడు.

ఆ అన్న యూనివర్సిటీ ఫీజు కట్టింది ఈ అమ్మాయే. ఆ తండ్రి జైలుకు పోకుండా అడ్డుపడిందీ ఈమే. రెండు సంగతులూ తండ్రికి తెలుసు. తెలిసీ తింటూ కూర్చుంటాడు.

జపాన్ దర్శకుడు కెంజి మిజోగుచి 1936లో తీసిన ‘నానివా ఎలిజీ’లో సీను ఇది. నానివా అంటే ఒసాకాకు పాత పేరు, ఎలిజీ అంటే శోకగీతం. జపాన్‌లో మాటల సినిమాలు వచ్చి అప్పటికి ఐదేళ్లు. గంటా పది నిమిషాల పైచిలుకు సినిమా. ఎక్కడ దీని గురించి చదివినా ‘ఒక స్త్రీ మనోవేదన’ అనో, ‘పతనమైన స్త్రీ కథ’ అనో ఒక ముక్కలో తేల్చేస్తుంటారు. ఆ రెండు మాటలతోనూ నాకు పేచీ ఉంది. ఇందులో వేదన లేదని కాదు. ఆ వేదనకు ప్రతిసారీ ఒక అంకె ఉంది, ఆ అంకెను వదిలేసి కన్నీళ్ల గురించి మాట్లాడితే సినిమా చేతికి దొరకదని.

కథ ఇంతే. అయాకో ఒక మందుల కంపెనీలో టెలిఫోన్ ఆపరేటర్. ఆమె తండ్రి తను పనిచేసే చోట మూడొందల యెన్లు వాడేసుకున్నాడు. కట్టకపోతే కేసు, జైలు. అలాంటి ఉద్యోగం చేసే అమ్మాయికి ఆ మొత్తం నెలల తరబడి జీతం. ప్రేమించిన నిషిమురా అదే ఆఫీసులో గుమాస్తా, అతని దగ్గర డబ్బూ లేదు, తెగువా లేదు. కంపెనీ యజమాని అసాయ్ చాలా రోజులుగా ఆమె వెనకపడుతున్నాడు. అతను డబ్బిస్తాడు, ఆమె ఉద్యోగం మాని అతను పెట్టిన అపార్ట్‌మెంట్‌లో ఉంటుంది. కొన్నాళ్లకు ఆ ఏర్పాటు బయటపడి తెగిపోతుంది. ఇక నిషిమురాను పెళ్లి చేసుకుని మామూలుగా బతుకుదామనుకుంటున్న టైములో చెల్లెలు ఎదురుపడి, అన్న చదువు పూర్తి కావాలంటే రెండొందలు కావాలని చెబుతుంది. అయాకో ఈసారి షేర్ల వ్యాపారి ఫుజినోకు ఆశ పెట్టి డబ్బు తీసుకుని మొండిచెయ్యి చూపిస్తుంది. అతను పోలీసులకు చెబుతాడు. అరెస్టు, పేపర్లో వార్త, ఆ తర్వాత ఆ సుకియాకి.

మూడొందలు ప్లస్ రెండొందలు. సినిమా మొత్తం ఈ ఐదొందల యెన్ల చుట్టూ తిరుగుతుంది. అప్పట్లో జపాన్ స్టూడియోలు ఆడవాళ్ల కష్టాల మీద బోలెడు సినిమాలు తీసేవి, టికెట్ కొనే ఆడవాళ్ల కోసమే ప్రత్యేకంగా తీసిన కంపెనీలున్నాయి. వాటిలో కష్టానికి కారణం చాలాసార్లు విధి, లేకపోతే అపార్థం, లేకపోతే దుర్మార్గుడైన మగాడు. మిజోగుచి, స్క్రిప్టు రాసిన యొషికత యోదా ఆ దారి పట్టలేదు. ఎవరు ఎంత బాకీ, ఎప్పటిలోగా కట్టాలి, ఎవరు కట్టారు, ఎవరు తీసుకుని ఊరుకున్నారు అని చిట్టా పద్దులా రాసుకుంటూ పోయారు. యోదాకు మిజోగుచితో ఇది మొదటి సినిమా. మిజోగుచి అతని చేత స్క్రిప్టును ఎన్నోసార్లు తిరగరాయించాడట. ఆ శ్రమ ఎక్కడికి పోయిందో తెరమీద తెలుస్తుంది, డబ్బు ప్రస్తావన లేకుండా మలుపు తిరిగే సీను దాదాపు ఒక్కటీ ఉండదు.

అయాకోను త్యాగమూర్తి అనడానికి నాకు నోరు రాదు. ఆమె తండ్రి కోసం కన్నీళ్లు మింగుకుని తల వంచుకుని వెళ్లలేదు. తండ్రితో పోట్లాడుతుంది, చేతగానితనాన్ని ముఖం మీదే అడిగేస్తుంది, ఇల్లు విడిచి వెళ్లిపోతుంది. అపార్ట్‌మెంట్‌లో ఆమెను చూస్తే ఆ కొత్త బట్టలు, ఆ సౌకర్యం కొంచెం నచ్చినట్టే ఉంటుంది. అబద్ధాలు ఆడుతుంది. ఫుజినోను మోసం చేసేటప్పుడు ఏ సంకోచమూ కనిపించదు. ఆమెలో ఎక్కువగా కనిపించేది కోపం. ఏడుపు తక్కువ. ఆ కోపం పోవాల్సిన చోటికి పోలేక తిరిగి తిరిగి ఆమెకే తగులుతుంటే చూడటం నాకు ఏ ఏడుపు సీను కన్నా కష్టంగా అనిపించింది.

అసాయ్ ఇంటి సంగతి తెలుగువాళ్లకు అరనిమిషంలో అర్థమవుతుంది, ఎందుకంటే మన దగ్గర దానికి మాట సిద్ధంగా ఉంది. అతను ఇల్లరికపు అల్లుడు. వ్యాపారం, ఇల్లు, పరువు అన్నీ భార్య సుమికో పుట్టింటివి. జపాన్‌లో మగపిల్లలు లేని వ్యాపార కుటుంబాలు అల్లుణ్ణి దత్తత తీసుకుని, ఇంటి పేరు మార్పించి దుకాణం అప్పజెప్పడం పాత ఆచారమే, ఒసాకా వర్తకుల్లో మరీను. సినిమా మొదట్లో అసాయ్ పొద్దున్నే లేచి పనిమనుషుల మీద చిర్రుబుర్రులాడుతుంటాడు. భార్య మీద చెల్లని అధికారం వాళ్ల మీద చూపిస్తున్నాడని వెంటనే తెలిసిపోతుంది. అదే అధికారం ఆఫీసుకొచ్చాక టెలిఫోన్ గదిలోని అమ్మాయి మీదికి మళ్లుతుంది. సుమికో మంచి మనిషేమీ కాదు, నోరు కూడా మంచిది కాదు. కానీ ఈ సినిమాలో ఒక మగాణ్ణి చెయ్యిపట్టి ఇంటికి లాక్కుపోగలిగిన ఆడది ఆమె ఒక్కతే. ఆస్తి ఆమెది కాబట్టి. అయాకోకూ ఆమెకూ మధ్య తేడా శీలంలో లేదు, బ్యాంకులో ఉంది.

ఇంటి బయట చట్టం కూడా ఇలాగే ఉండేది. 1907 నాటి శిక్షాస్మృతి ప్రకారం వ్యభిచారం భార్య చేస్తే నేరం, భర్త ఉంపుడుగత్తెను పెట్టుకుంటే కాదు. ఆ సెక్షన్ 1947 వరకు ఉంది. 1898 సివిల్ కోడ్ ఇంటి పెద్దకు కుటుంబం మీద పెద్ద అధికారమే ఇచ్చింది. అందుకే సినిమాలో పోలీసులు వచ్చేది అసాయ్ అయాకోను అపార్ట్‌మెంట్‌లో పెట్టినందుకు కాదు. దానికి ఎవరూ రారు. ఫుజినో రెండొందలు పోయాయని చెబితేనే వస్తారు. ఆమెను వాడుకున్నప్పుడు అది సొంత వ్యవహారం, ఆమె వాడుకున్నప్పుడు మోసం. సినిమా వచ్చింది మే 1936లో. అంతకు రెండేళ్ల ముందు ఉత్తర జపాన్‌లోని తొహొకులో పంటలు పోయి, రైతులు అప్పుల కింద కూతుళ్లను వేశ్యాగృహాలకు పంపించిన వార్తలు దేశమంతా చదివింది. తల్లిదండ్రుల కోసం కూతురు తనను తాను ఖర్చు చేసుకోవడాన్ని సద్గుణం కింద జమకట్టే అలవాటు అక్కడ పాతది. అయాకో చేసింది నిజానికి ఆ సద్గుణమే. కాకపోతే తను నష్టపోకుండా బయటపడాలని కూడా చూసింది. ఆ చిన్న ఆశే ఆమెకు నేరమైంది.

ఇక కెమెరా. మన కళ్లకు ఒక అలవాటుంది. హీరోయిన్‌కు కష్టం వచ్చిందంటే కెమెరా దగ్గరికి పరిగెత్తాలి, కళ్లు తడవాలి, వయొలిన్ మొదలవ్వాలి. గ్లిజరిన్ లేని ఏడుపు మనకు ఏడుపులా ఆనదు. ఆ అలవాటుతో ‘నానివా ఎలిజీ’ చూస్తే మొదటి అరగంట చిరాకొస్తుంది. మిజోగుచి కెమెరా అయాకో దగ్గరికి వెళ్లదు. టెలిఫోన్ గదిలో ఆమె అద్దాల వెనక ఉంటుంది. అపార్ట్‌మెంట్‌ను బయటి నుంచి కిటికీల్లోంచి చూపిస్తాడు. ఆమెకు మనసు కలుక్కుమన్నప్పుడల్లా ఆమె గోడవైపో, పక్కకో తిరుగుతుంది, మనకు వీపు కనిపిస్తుంది, మెడ కనిపిస్తుంది. కట్ చేసి ముందు నుంచి చూపించడం చిటికెలో పని. చూపించడు. మనం ఆ వీపును చూస్తూ ఉండిపోవాలి.

ఎందుకు అంటే రకరకాల జవాబులున్నాయి. పొడవైన షాట్లు తర్వాత అతని ముద్ర అయ్యాయి, ఆ పద్ధతి గట్టిపడింది ఈ సినిమాతోనే. కానీ ఇక్కడ నాకు తోచే కారణం వేరు. ఆమె ముఖం చూపిస్తే మనం జాలిపడతాం. జాలిపడగానే మనకు మనం మంచివాళ్లమైపోతాం. ఈ సినిమాలో ఆమె ముఖం చూసిన మగాళ్లందరూ ఏదో ఒకటి తీసుకున్నవాళ్లే. మన చేతికి ఆ ముఖం అంత సులువుగా ఇవ్వకూడదనుకున్నాడేమో.

దగ్గరగా చూడాల్సిన సీను ఇంకొకటుంది, బొమ్మలాట సీను. అసాయ్ అయాకోను బున్రాకుకు తీసుకెళతాడు. బున్రాకు ఒసాకా వాళ్ల గర్వం. మన తోలుబొమ్మలాటలో ఆడించేవాళ్లు తెర వెనక ఉంటారు, అక్కడ అలా కాదు. ఒక్కో బొమ్మను ముగ్గురు మనుషులు పట్టుకుని ప్రేక్షకుల కళ్లెదుటే ఆడిస్తారు. నల్లబట్టల్లో ఉన్న ఆ మనుషులు కనిపిస్తూనే ఉంటారు, కాసేపటికి చూసేవాళ్లు వాళ్లను చూడటం మానేస్తారు. అయాకో అప్పుడు పెళ్లయిన ఆడవాళ్లు వేసుకునే ముడితో, కిమోనోలో గృహిణిలా తయారై వచ్చింది. అక్కడే సుమికో చూసేస్తుంది. గొడవ మొదలవుతుండగా ఫుజినో కల్పించుకుని, ఈ అమ్మాయి నాతో వచ్చింది అని అబద్ధం చెప్పి అసాయ్‌ను కాపాడతాడు. ఒక మగాడి చేతిలోంచి ఇంకొకడి చేతిలోకి క్షణంలో మారిపోయింది, అదీ మర్యాద కోసం. బొమ్మల పోలిక మరీ తెలిసిపోయేలా పెట్టాడని అనొచ్చు. నాకూ కొంచెం అలాగే అనిపించింది. కానీ ఆ హాల్లో అందరి కళ్లూ బొమ్మ మీదే ఉన్నాయి, పట్టుకున్నవాళ్ల మీద ఎవరి కళ్లూ లేవు అన్నది గుర్తొచ్చినప్పుడు పోలికను క్షమించేశాను.

భాష గురించి ఒక మాట చెప్పాలి, సబ్‌టైటిల్స్‌లో అది పోతుంది కాబట్టి. ఇందులో పాత్రలు ఒసాకా యాసలో మాట్లాడతాయి. టోక్యో మాట ‘సరైన’ భాషగా చలామణి అవుతున్న రోజుల్లో, వర్తకుల నగరపు యాసలో ఒక సీరియస్ కథ మొత్తం నడిపించడం చిన్న విషయం కాదు. మన సినిమాల్లో యాస ఎన్నేళ్లపాటు కమెడియన్లకూ విలన్లకూ మాత్రమే దక్కిందో, హీరోయిన్ ఏ ఊరిదైనా ఒకే రకం తెలుగు ఎందుకు మాట్లాడేదో తెలిసినవాళ్లకు దీని విలువ తెలుస్తుంది. అయాకోగా చేసిన ఇసుజు యమడా ఒసాకాలోనే పుట్టింది. అప్పటికి ఆమెకు 19 ఏళ్లు, ఒక బిడ్డకు తల్లి కూడా. ఆఫీసు గదిలో నసుగుతూ మాట్లాడిన గొంతే చివర్లో ఫుజినోను బెదిరించేటప్పుడు ఎంత ఆరితేరినట్టు మారిపోతుందంటే, సబ్‌టైటిల్ చదవకపోయినా చెవికి తెలుస్తుంది.

ఇప్పుడు సుకియాకి దగ్గర కూర్చున్న ఆ అన్న సంగతి.

మిజోగుచి 1898లో టోక్యోలో పుట్టాడు. తండ్రి చేసిన వ్యాపారం రష్యా-జపాన్ యుద్ధం రోజుల్లో దెబ్బతింది, కుటుంబం రోడ్డున పడింది. అక్క సుజును బయటికి పంపించేశారు, ఆమె గెయిషా అయింది, అంటే విందుల్లో ఆటపాటలతో మగవాళ్లను అలరించే వృత్తిలోకి వెళ్లింది. తర్వాత ఒక ప్రభువంశీకుడి పోషణలో ఉంది. తల్లి పోయాక తమ్ముళ్లను ఆదుకున్నది, మిజోగుచి చదువుకీ తిండికీ ఆసరా అయింది ఆ అక్క డబ్బే. ఇదంతా అతని జీవితం గురించి రాసిన ప్రతి ఒక్కరూ చెప్పిందే. ఇంకొకటీ చెబుతారు. 1925లో, అతనితో కలిసి ఉంటున్న ఒకామె గొడవలో అతని వీపు మీద రేజర్‌తో కోసింది. ఆ మచ్చ జీవితాంతం ఉంది. ఆడవాళ్ల మీద అతను తీసిన సినిమాలకు ఈ మచ్చను కారణంగా చూపించడం విమర్శకులకు భలే ఇష్టం. నాకు మచ్చ కన్నా అక్క పంపిన డబ్బు ముఖ్యం అనిపిస్తుంది.

ఎందుకంటే ‘నానివా ఎలిజీ’లో దర్శకుడికి సీటు ఎక్కడ అని వెతికితే అది అయాకో పక్కన లేదు. గిన్నెకు అటువైపు ఉంది. ఇంటి ఆడపిల్ల సంపాదనతో చదువుకుని, ఆ సంపాదన ఎలా వచ్చిందో తెలియనట్టో, తెలిసీ అసహ్యించుకుంటూనో అన్నం తిన్న మగపిల్లాడి సీటు అది. ఆ సీన్లో అన్నను మరీ దుర్మార్గుడిగా తీయలేదు, గమనించండి. అతనికి నిజంగానే తెలియదు. తెలియకపోవడం ఎంత హాయో, ఆ హాయికి ఎవరు డబ్బు కట్టారో తెలిసినవాడు తీసిన సీనులా ఉంటుంది. ఇది నా ఊహే అనుకోండి, కానీ సినిమాలోని వేడి అక్కడి నుంచే వస్తోందని నా నమ్మకం. 1936లోనే గెయిషాల మీద తీసిన ‘గియోన్ అక్కాచెల్లెళ్లు’ సినిమా పత్రిక ‘కినెమా జుంపో’ ఆ ఏటి మేటి సినిమాల జాబితాలో మొదటి స్థానం తెచ్చుకుంది, ‘నానివా ఎలిజీ’ మూడోది. చాలామంది దాన్నే పెద్ద సినిమా అంటారు. పనితనంలో కావచ్చు. ఈ సుకియాకి లాంటిది మాత్రం అందులో లేదు.

లోపాలు లేవని కాదు. నిషిమురా మరీ అట్టముక్క. పోలీసుల ముందు భయపడి, తప్పంతా ఈమెదే, నాకేమీ తెలియదని చేతులు దులుపుకునే దాకా అతని లోపల ఏముందో సినిమా పట్టించుకోదు. ఆ పిరికితనం నమ్మశక్యంగానే ఉంటుంది, కానీ అంతకుముందు అయాకో అతనిలో ఏం చూసి ఆశ పెట్టుకుందో అర్థం కాదు. ఫుజినో వ్యవహారం హడావిడిగా ముగిసిపోతుంది. స్టేషన్‌లో ఆమెను ప్రశ్నించే ఇన్‌స్పెక్టర్‌గా తకాషి షిమురా కనిపిస్తాడు. తర్వాతి రోజుల్లో దర్శకుడు కురొసావా సినిమాల్లో ఆయన్ను చూసినవాళ్లు గుర్తుపట్టి సంతోషించొచ్చు, అంతకు మించి ఆ పాత్రలో ఏమీ లేదు.

ఈ సినిమా నేను రెండోసారి చూస్తున్నప్పుడు మా అమ్మ వచ్చి పక్కన కూర్చుంది. భాష తెలియదు, ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్ చదవదు, నేను మధ్యమధ్యలో చెబుతుంటే వింటోంది. సుకియాకి సీను దగ్గర ఆగి, “ఫీజు కట్టింది తనేనని చెప్పొచ్చుగా ఆ పిల్ల?” అంది. నేను దానికి ఏదో పెద్ద జవాబు చెప్పబోయాను. అమ్మ వినిపించుకోలేదు. “చెప్తే ఆ ముసలాడి ముఖం ఏం కాను,” అని తనే అనేసి లేచి వంటింట్లోకి వెళ్లిపోయింది. నాలుగు వ్యాసాలు చదివినా నాకు అందని సంగతి అది. అయాకో అప్పు రెండుసార్లు తీర్చింది, మొదటిసారి డబ్బుతో, రెండోసారి ఆ రాత్రి నోరు మూసుకుని. రెండోదానికి అంకె లేదు కాబట్టి చిట్టాలోకి ఎక్కలేదు.

ఇంట్లోంచి బయటికొచ్చి ఆమె వంతెన మీద నిలబడుతుంది. టోపీ, కోటు, కింద నల్లటి నీళ్లు. అసాయ్ కుటుంబ డాక్టర్ అటుగా వస్తూ పలకరిస్తాడు. ఇంత కచ్చితంగా అతనే అటు రావడం కథకు వీలు కోసమే, దాచేదేముంది. కానీ ఆ మనిషి ఎవరో గుర్తు చేసుకోవాలి. ఒక రాత్రి అసాయ్‌కు ఒంట్లో బాగోలేదని కబురొస్తే, అపార్ట్‌మెంట్‌కు వెళ్లాల్సినవాడు అలవాటుగా వాళ్ల ఇంటికి వెళ్లి, గుట్టంతా సుమికోకు తెలిసేలా చేసింది ఈ డాక్టరే. ఆ పొరపాటుకు అతను ఏమీ కట్టలేదు. ఒంట్లో బాగోలేదా అని అడుగుతాడు. అవును, చెడిపోయిన ఆడదానికి ఏ మందు వాడితే నయమవుతుంది డాక్టర్ గారూ అన్నట్టు ఆమె అడుగుతుంది. మందుల కంపెనీలో పనిచేసిన అమ్మాయి అడిగే ప్రశ్న. అది తనకూ తెలియదని చెప్పి అతను తన దారిన వెళ్లిపోతాడు.

అప్పుడు ఆమె నడక మొదలుపెడుతుంది. నేరుగా కెమెరా వైపు. సినిమా పొడవునా అద్దాల వెనకా, కిటికీల అవతలా, వీపు తిప్పుకునీ ఉన్న మనిషి ఈసారి పక్కకు తిరగదు. ముఖం దగ్గరవుతుంది, ఇంకా దగ్గరవుతుంది, తెరంతా నిండుతుంది. కళ్లు తడిగా లేవు. మనల్ని చూస్తోందో, మన వెనక ఎవరినైనా చూస్తోందో తేల్చుకునేలోగా సినిమా ఐపోతుంది.